లెఫ్టినెంట్ మాణిక్యాంబ కోటు

"మీ ఆయన ఎప్పుడు పోయారమ్మా?"

2024 జూన్‌లో, బాపట్లలో మాజీ సైనికుల కాగితాలు చూసే ఒక ఆఫీసులో గుమాస్తా రమేష్ బాబు అడిగిన మొదటి మాట ఇది. అడిగింది రేపల్లె నుంచి వచ్చిన అరవై ఆరేళ్ల మాణిక్యాంబను. ఆమె నోరు విప్పేలోగా, పక్క కుర్చీలో గొడుగు ఒళ్లో పెట్టుకుని కూర్చున్న పెద్దమనిషి వినయంగా ముందుకు వంగాడు.

"ఇంకా లేదండి," అన్నాడు.

ఆయన యోబు, మాణిక్యాంబ భర్త. తెనాలిలో ఒక ప్రెస్సులో ముప్పై ఆరేళ్లు అక్షరాలు కూర్చి రిటైరైన మనిషి. ఎవరు ఏమడిగినా సూటిగా జవాబు చెప్పడం ఆయనకు అలవాటు.

రమేష్ బాబు చెడ్డవాడేమీ కాదు. అతని బల్ల మీద రెండు కట్టల ఫారాలుంటాయి. ఎడమ కట్ట మాజీ సైనికులకు, కుడి కట్ట సైనికుల వితంతువులకు. మగవాడొస్తే ఎడమ చెయ్యి లేస్తుంది, ఆడమనిషొస్తే కుడి చెయ్యి. పదకొండేళ్లుగా ఆ చేతులు ఒక్కసారీ పొరబడలేదు. ఆ రోజు మాత్రం కుడి చెయ్యి లేచి, యోబును చూసి, సగంలో ఆగింది.

"అయితే మిలటరీలో చేసింది ఈయనాండీ?"

"ఈయన ప్రెస్సండీ. మిలటరీ నేను," అంది మాణిక్యాంబ.

"మీరా? మీరేం చేసేవాళ్లమ్మా?"

"నర్సుని. లెఫ్టినెంట్‌ని."

"నర్సు మిలటరీ ఎలా అవుద్దమ్మా?"

రమేష్ బాబును తప్పుపట్టి లాభం లేదు. దేశం లెక్కే అలా ఉంది. ఏటా మార్చి ఎనిమిదిన పేపర్లు తిరగేయండి, సైన్యంలోకి ఆడవాళ్లు 1992లో అడుగుపెట్టారని కనిపిస్తుంది. అది వైద్యానికి సంబంధించని అధికారుల సంగతి. నర్సులు 1888లోనే బొంబాయిలో ఓడ దిగారు, పదిమంది, ఇంగ్లండు నుంచి. రెండో ప్రపంచ యుద్ధం నడుస్తుండగా వాళ్ల భుజాల మీదికి అధికారి నక్షత్రాలూ వచ్చాయి. ఆ యుద్ధానికే మహిళా సహాయక దళమని ఒకటి పెట్టి, టైపు కొట్టడానికీ టెలిఫోన్లు కలపడానికీ వేలమంది ఆడపిల్లల్ని చేర్చుకుని, పని తీరాక ఇళ్లకు పంపేశారు. నర్సులు మిగిలారు. మిగిలినా లెక్కలోకి రాలేదు. తెల్లబట్టల దేవతలని పొగిడి ఊరుకున్నారు. దేవతలకు సర్వీసు పుస్తకం, పింఛను ఉండవు కాబట్టి ఆ పొగడ్త చవగ్గానే పడింది.

ఈ దేవత గొడవ మాణిక్యాంబకు అసలు గిట్టదు. చర్చిలో ఎవరో ఒకసారి "అమ్మగారు దేశసేవకు తన యవ్వనాన్ని అర్పించారు" అని ఎత్తుకుంటే మధ్యలోనే అడ్డుపడింది. "నేనేం అర్పించలేదు నాయనా. జీతం కోసం పోయాను. ఐదో తారీఖు దాటి మనియార్డరు రాకపోతే మా అమ్మ పోస్టుమేన్ని తిట్టేది."

ఆ మనియార్డరు వెళ్లిన ఊరు అడవులదీవి. తండ్రి మత్తయి అక్కడ మిషన్ బడిలో పంతులు. పదో తరగతి కాగానే కూతుర్ని మిషన్ ఆసుపత్రిలో నర్సు ట్రైనింగుకు పంపాడు. ఆ రోజుల్లో ఆ పక్క లూథరన్ ఇళ్లలో చదువుకున్న ఆడపిల్లకు రెండు దారులుండేవి, టీచరు, నర్సు. మాణిక్యాంబ పేపర్లో మిలటరీ నర్సుల ప్రకటన చూసి మూడో దారి ఉందని కనిపెట్టింది. 1980లో సెలెక్టయింది. మొదటి సెలవులో ఊరికొస్తే చేపల తట్టతో ఎదురైన ముసలమ్మ నిలేసి అడిగింది.

"ఏమే మాణిక్యం, తుపాకీ ఇచ్చారంటనే?"

"సూది ఇచ్చారు పిన్నీ. తుపాకీ ఉన్నోళ్లు కూడా దాన్ని చూసి ఏడుస్తారు."

అది గొప్పకు అన్న మాట కాదు. ఆరేళ్లలో ఆమె మూడు ఆసుపత్రులు తిరిగింది. ఆఖరిది జమ్ము అవతల, ఏప్రిల్‌లో కూడా నీళ్ల బకెట్టు మీద పల్చగా మంచు కట్టే చోటు. చలి ప్రాంతానికి వచ్చిన నర్సులకు స్టోరువాళ్లు సంతకం పెట్టించుకుని ఒక ఉన్నికోటు అప్పుగా ఇచ్చేవాళ్లు. బూడిద రంగు, మోకాళ్ల కిందికి వచ్చేది, ఇత్తడి గుండీలు, ఎత్తితే నాలుగు కిలోలు. ఆ కోటు సంగతి గుర్తుపెట్టుకోవాలి. కథంతా దాని జేబులోనే ఉంది.

ఇక నిబంధన. మిలటరీ నర్సు పెళ్లి చేసుకుంటే ఉద్యోగం పోతుంది. 1977లో కాగితం మీద రాసిపెట్టుకున్న సంగతి ఇది, 1995 దాకా నడిచింది. అదే సైన్యంలో మగ అధికారి పెళ్లి చేసుకుంటే క్వార్టర్సు ఇచ్చేవారు. నర్సుకు ఇంటికి టికెట్టు ఇచ్చేవారు. ఎందుకని అడిగితే చెప్పేవాడు లేడు, అడిగే అలవాటూ ఎవరికీ లేదు. తెలివైన పిల్లలు పెళ్లి చేసుకుని, పైకి చెప్పకుండా ఊరుకునేవాళ్లు. మాణిక్యాంబ పథకం కూడా అదే: తాళి ట్రంకుపెట్టెలో, మొగుడు తెనాలిలో. రెండు మూడేళ్లు గుట్టుగా నెట్టుకొస్తే ఈలోపు నిబంధన మారకపోతుందా అని.

1986 మే నెలలో సంబంధం కుదిరింది. ఆమె రెండు నెలల సెలవు పెట్టింది. తెల్లవారుజామున లారీలో స్టేషనుకు బయల్దేరితే చలికి పళ్లు టకటక కొట్టుకున్నాయి, అందుకని కోటు వేసుకునే రైలెక్కింది. ఢిల్లీలో విప్పి చేతిమీద వేసుకుంది. విజయవాడలో దిగేసరికి ఆ కోటును చూసినవాళ్లందరికీ చెమటలు పోశాయి.

ఇంటికొచ్చిన మొదటి రోజే తండ్రిని కూర్చోబెట్టి చెప్పింది. "నాన్నా, పెళ్లి సంగతి మా ఆసుపత్రిలో తెలియకూడదు. తెలిస్తే ఉద్యోగం పోద్ది."

"నేనెవరికి చెబుతానమ్మా?" అన్నాడు మత్తయి. నిజంగానే ఎవరికీ చెప్పలేదు. కార్డు పంపాడంతే.

మత్తయి ఇంట్లో ఒక పద్ధతి ఉంది. శుభలేఖల్లో మొదటిది చర్చిలో బల్ల మీద పెడతారు. రెండోది అన్నం పెట్టినవాడికి. మత్తయి తండ్రి పాలేరుగా ఉన్నప్పుడు రెండో కార్డు ఆసామికి ఇచ్చాడు. మత్తయి తన పెళ్లికి బడి మేనేజరుకు ఇచ్చాడు. మరి కూతురికి అన్నం పెడుతున్నదెవరు? ఆమె పైఅధికారి, ఆసుపత్రి కల్నలు. ఆయన్ను పిలవకుండా పెళ్లి చెయ్యడం దొంగతనంలా అనిపించింది పంతులుగారికి. ఉద్యోగం పోతుందన్న మాట ఆయన చెవికెక్కలేదని కాదు. శుభలేఖ అందుకున్న పెద్దమనిషి ఎవరైనా అక్షింతలు వేస్తాడు గానీ అన్నం తీసేస్తాడా అనుకున్నాడు.

కార్డు అచ్చేసింది పెళ్లికొడుకే. అప్పటికి యోబు ప్రెస్సులో చేరి ఏడాది కాలేదు. మామగారు ఒక్క కార్డు ఇంగ్లీషులో కావాలంటే, ఎవరికని అడక్కుండా రాత్రంతా కూర్చుని కూర్చాడు. కాబోయే భార్య పేరుకు ముందు 'లెఫ్టినెంట్' అని లావు అక్షరాల్లో వేసి బంగారు పొడి చల్లాడు. తెనాలిలో ఆ ఏడు అంత ముద్దొచ్చే కార్డు ఇంకొకటి పడలేదని ఆయన ఇప్పటికీ అంటాడు.

పెళ్లయిన పందొమ్మిదో రోజున రిజిస్టరు పోస్టు వచ్చింది. వివాహం చేసుకున్నందున సర్వీసు ముగిసింది, తిరిగి రానక్కరలేదు. శుభాకాంక్షలు కూడా లేవు.

మత్తయి కాగితం మూడుసార్లు చదివాడు. "నేను మర్యాద చేశానమ్మా," అన్నాడు.

"వాళ్లూ మర్యాదగానే పంపారు నాన్నా. రిజిస్టరు పోస్టులో."

ఆ మాటకు తండ్రి ఏడ్చాడని యోబు అంటాడు. అలాంటిదేమీ లేదు, ముక్కు చీదుకున్నాడని మాణిక్యాంబ అంటుంది. వారం తర్వాత ఆమె రేపల్లెలో ఒక ప్రైవేటు నర్సింగ్ హోములో చేరింది. సైన్యంలో వచ్చేదాంట్లో మూడో వంతు జీతం. ఇరవై ఎనిమిదేళ్లు అక్కడే చేసింది. కాన్పుల గదిలో ఆమె గొంతు వింటే బిడ్డలు త్వరగా బయటికొచ్చేవాళ్లని ఊళ్లో ఒక మాట ఉంది. భయపడి వచ్చేవాళ్లని యోబు సవరణ.

1987లో ఇంకో కాగితం వచ్చింది. ఈసారి స్టోరు నుంచి. తీసుకున్న చలికోటు తిరిగి అప్పగించలేదు కాబట్టి మూడు వందల నలభై రూపాయలు కట్టవలెనని. అది చదివి మాణిక్యాంబ మొదటిసారి నిజంగా మండిపడింది. "మనిషి అక్కర్లేదంట గానీ కోటు కావాలంట!" కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి, కోటు లోపలి జేబులో తోసి, గుండీ పెట్టేసింది. కోటుతోపాటు దాన్నీ మర్చిపోయింది.

కోటును మాత్రం ఊరు మర్చిపోలేదు. ఆ డిసెంబరులో రేపల్లె చర్చిలో క్రిస్మస్ నాటకానికి, పసి ఏసును చంపమన్న హేరోదు రాజు భటుడి దుస్తులు దొరక్క కుర్రాళ్లు తిరుగుతుంటే యోబు దాన్ని ఇచ్చాడు. అది మొదలు ఏటా హేరోదు భటుడు భారత సైన్యం కోటులోనే బేత్లెహేముకు వెళుతున్నాడు. మిగతా పదకొండు నెలలు చర్చి బీరువాలో కలరా ఉండల మధ్య ఉంటుంది. అలా ఉండబట్టే బతికింది. మిగతా కాగితాలన్నీ, సెలెక్షన్ ఉత్తరం, జీతం చీటీలు, ఆ రిజిస్టరు పోస్టుతో సహా, అడవులదీవిలో మత్తయి పెట్టెలో ఉండి 1990 మే తుఫానులో సముద్రానికి పోయాయి.

ఇదంతా రమేష్ బాబుకు ఎలా చెప్పడం? అతను అడిగింది ఒక్కటే. "కాగితం ఏదన్నా ఉందా అమ్మా?"

"తుఫానుకి పోయినియ్యండి."

"నెంబరన్నా గుర్తుందా?"

మాణిక్యాంబ ఊపిరి పీల్చుకోకుండా నెంబరు చెప్పింది, రోల్ కాల్‌లో చెప్పినట్టు. రమేష్ బాబు కలం అందుకోలేకపోయింది. మళ్లీ చెప్పింది.

"బానే ఉందమ్మా, కానీ నోటితో ఎవరైనా చెప్పొచ్చు. మీరు మిలటరీలో ఉన్నట్టు, వాళ్లే తీసేసినట్టు సర్కారు కాగితం ఒక్కటి చూపించండి. మీ పేరు రిజిస్టర్లో ఎక్కిస్తాను, పై ఆఫీసుకి అర్జీ పంపుతాను."

ఆ ఒక్క కాగితం కోసమే ఆమె బస్సెక్కి వచ్చింది. అసలు ఆమెను తోలింది అన్న కూతురు జెస్సీ. తెనాలి కోర్టులో జూనియర్ వకీలు. పెళ్లి చేసుకుందని 1988లో తీసేసిన ఒక మిలటరీ నర్సుకు సుప్రీంకోర్టు అరవై లక్షలు ఇమ్మన్నదని ఆ ఫిబ్రవరిలో పేపర్లో చదివి, పేపరుతో సహా రేపల్లె ప్యాసింజరెక్కి వచ్చేసింది. వార్త అరగంటలో వీధి దాటింది. సాయంత్రానికి, పదేళ్లుగా పలకరించని ఇద్దరు బంధువులు చక్కెరకేళీ అరటిపళ్లతో దిగారు.

"అరవై లక్షలు ఎవరికి కావాలే," అంది మాణిక్యాంబ, ఆ పళ్లలో ఒకటి ఒలుస్తూ. "వస్తే వద్దంటానా అది వేరే సంగతి. నేను ఉద్యోగం మానేసి మొగుడి దగ్గరికి వచ్చేశానని అనుకుంటున్నారు ఊళ్లో. మీ నాన్న కూడా అలాగే చెబుతాడు. నేను మానలేదే. పంపేశారు. ఆరేళ్లు ఉన్నానని, పంపేశామని వాళ్ల కాగితం మీద ఉండాలి. చచ్చేలోపు అది చూడాలి నాకు."

చూపించడానికి ఏమీ లేక ఆ జూన్‌లో బాపట్ల నుంచి ఒట్టి చేతులతో వచ్చారు. బస్సులో యోబు రెండుసార్లు మాట కలపబోయాడు. రెండోసారి ఆమె ఇటు తిరిగింది.

"ఆ కార్డు మీద బంగారు పొడి ఎవరు చల్లమన్నారు మిమ్మల్ని?"

"అందంగా ఉంటుందని..."

"ఉండింది. కల్నలు గారు కూడా చూసి ఉంటాడు."

ముప్పై ఎనిమిదేళ్లలో ఆ ప్రశ్న ఆమె అడగడం అదే మొదటిసారి. మనిషి తీరు తెలుసు కాబట్టి యోబు రేపల్లె వచ్చేదాకా కిటికీలోంచి పొలాలు చూస్తూ కూర్చున్నాడు.

డిసెంబరు వచ్చింది. నాటకం సామాను చూసేది యోబే. రిహార్సలుకు ముందు కోటు తెచ్చి డాబా మీద ఎండేశాడు. కలరా ఉండల వాసన పోవాలని జేబులు తిరగేశాడు. పై జేబుల్లో భటులు వదిలేసిన బఠాణీ పొట్లాల కాగితాలు దొరికాయి. లోపలి జేబు గుండీ ఎవరూ విప్పినట్టు లేదు. హేరోదు భటులకు లోపలి జేబుతో పనేముంటుంది? యోబు విప్పాడు. అచ్చు కనిపిస్తే చదవకుండా ఉండలేని మనిషి, అక్కడే నిలబడి చదివాడు. తర్వాత మోకాళ్ల నొప్పి సంగతి కూడా మర్చిపోయి మెట్లు దిగాడు.

"మాణిక్యం! మాణిక్యం! నువ్వు బాకీ ఉన్నావు!"

"ఎవరికి?" అంది ఆమె వంటింట్లోంచి. "పాలవాడికి మొన్ననే ఇచ్చాగా."

"మిలటరీకి!"

కాగితం పచ్చబడింది గానీ ముద్ర చెక్కుచెదరలేదు. వివాహం కారణంగా సర్వీసు నుంచి తొలగించిన లెఫ్టినెంట్ ఎం. మాణిక్యాంబ అని పేరు, ఆ కింద నెంబరు, ఆసుపత్రి, తేదీలు, ఆ తర్వాత కోటు, మూడు వందల నలభై రూపాయలు. మాణిక్యాంబ చెయ్యి చీరకు తుడుచుకుని అందుకుంది. డబ్బు దగ్గరికి రాకముందే, మొదటి వరుస దగ్గరే ఆగిపోయింది. పొయ్యి మీద పప్పు మాడింది.

ఆనాడే డబ్బు కట్టేసి ఉంటే నోటీసు ఎప్పుడో చిత్తుకాగితాల్లో పోయేది. కోటు తిరిగి పంపి ఉన్నా జేబులోదీ వెళ్లిపోయేది. ఆమె ఒకప్పుడు సైన్యంలో ఉందనడానికి చేతిలో మిగిలిన రుజువు, ఆమె తీర్చని అప్పు ఒక్కటే.

జనవరిలో మళ్లీ బాపట్ల వెళ్లారు. ఈసారి జెస్సీ కూడా వచ్చింది. రమేష్ బాబు నోటీసు రెండుసార్లు చదివి, లేచి, తన కుర్చీ పక్కనున్న ఫ్యాను వాళ్ల వైపు తిప్పాడు.

"కూర్చోండి మేడమ్," అన్నాడు. జూన్‌లో అమ్మ, జనవరిలో మేడమ్. మధ్యలో ఉన్నది ఒక కాగితం. "మీరు ఆఫీసరా మేడమ్! నేను మామూలు నర్సేమో అని..." అంటూ నాలిక కరుచుకున్నాడు.

"మామూలు ఏంటండీ?" అంది జెస్సీ.

"ఏం లేదండి. కానీ ఒకటి. ఇందులో బాకీ ఉందే మేడమ్."

"ఉంది," అంది మాణిక్యాంబ.

అర్జీ పైకి వెళ్లింది. ఎనిమిది నెలలు తిరిగి, సెప్టెంబరులో జవాబొచ్చింది. పాత రికార్డుల్లో వెతికామనీ, ఫలానా నెంబరు గల లెఫ్టినెంట్ మాణిక్యాంబ ఫలానా తేదీ నుంచి ఫలానా తేదీ దాకా సేవలో ఉన్నారనీ, వివాహం కారణంగా ఆమెను తొలగించినట్టు రికార్డు చెబుతున్నదనీ ఒక పేరా. ఆమెకు రావలసిన మొత్తాల సంగతి పరిశీలనలో ఉన్నదని ఇంకో పేరా. చివర, స్టోరు బాకీ తేలేవరకు ఆ పరిశీలన ముందుకు సాగదని ఒక్క వాక్యం. మొదటి పేరాను యోబు పెద్ద అక్షరాల్లో జిరాక్సు తీయించి అద్దం పక్కన అంటించాడు. మిగతా రెండింటిని మడత లోపలికి పెట్టాడు.

రిజిస్టర్లో పేరెక్కించడానికి మూడోసారి వెళ్లినప్పుడు రమేష్ బాబు ఎడమ చేత్తో ఫారం తీశాడు. పేరు, నెంబరు, హోదా, అన్నీ చకచకా నిండాయి. ఒక గడి దగ్గర కలం ఆగింది.

"ఇక్కడ 'భార్య పేరు' అని ఉంది మేడమ్. అచ్చు ఫారం. కొట్టేస్తే కంప్యూటరు తీసుకోదు. ఖాళీగా వదిలేసినా తీసుకోదు."

మాణిక్యాంబ భర్త వైపు చూసింది.

"రాసుకోండి," అన్నాడు యోబు. "ముప్పై తొమ్మిదేళ్ల నించి ఆవిడ జీతం మీదే కదండీ ఎక్కువ బతికింది."

అలా రాసేశారు. మాజీ సైనికుల రిజిస్టర్లో లెఫ్టినెంట్ మాణిక్యాంబ భార్య పేరు యోబు. బంధువుల్లో కొందరు దీన్ని సరిదిద్దించమని అడిగారు. యోబుకు అలాంటి తొందరేమీ లేదు. పైగా తెనాలి పాత స్నేహితులకు ఫోన్లు చేసి తనే చెప్పుకుంటున్నాడు.

తండ్రి మత్తయి ఈ రోజు చూడలేదు. 1998లో పోయాడు. ఆఖరి రోజుల్లో కూడా ఎవరింట్లో పెళ్లయినా రెండో కార్డు ఎవరికిచ్చారని అడిగేవాడట. వాళ్లు చెబితే, "ఆ ఒక్కటీ కాస్త ఆలోచించి ఇవ్వండయ్యా," అనేవాడు.

కోటు బాకీ గురించి జెస్సీ పోరుతూనే ఉంది. "మూడొందల నలభై అత్తా! నేను ఇప్పుడే ఫోనులో కొట్టేస్తాను. దానికోసం లక్షలు ఆపుకుంటావా?"

"వాళ్లు ముందు నాది ఇవ్వమను. కోటు సంగతి తర్వాత."

"వాళ్లు నీది ముందివ్వరే!"

"నేను మాత్రం ఎందుకిస్తానే? ముప్పై తొమ్మిదేళ్లు ఆగారు. ఆగడం వాళ్లకి అలవాటే." అని, యోబు వైపు తిరిగింది. "మీకు కూడా చెబుతున్నా. నాకు తెలియకుండా కట్టి, మర్యాద చేశాననకండి."

యోబు చేతులు జోడించాడు. కోటును ఈ క్రిస్మస్‌కూ ఎండేశాడు. నోటీసు మళ్లీ లోపలి జేబులోనే పెట్టి గుండీ పెట్టాడు, జిరాక్సులు నాలుగు ఇంట్లో ఉంచుకుని.

ఆ మూడు వందల నలభై రూపాయలు ఇప్పటికీ కట్టలేదు.